లోకాయుక్తకి ఫిర్యాదు పెడితే పక్కింటివాళ్లతో స్థలం తగువు తీరుతుందా? వాడి చూశాక నా రివ్యూ

పక్కింటివాళ్లు మీ దడి జరిపేస్తే లోకాయుక్త, అంటే మంత్రులు, ప్రభుత్వ ఉద్యోగుల మీద ఫిర్యాదులు విచారించే వ్యవస్థ, మీకేమీ చేయలేదు. ఆ మాట ముందే చెప్పేస్తున్నాను, ఎందుకంటే చాలామంది ఆ ఆశతోనే వెళ్తున్నారు. అదే పక్కింటాయన పంచాయతీ కాలువ మీద గోడ లేపేస్తే, ఎన్ని అర్జీలు ఇచ్చినా పంచాయతీ కదలకపోతే, అప్పుడు లోకాయుక్త పనికొస్తుంది. మా విషయంలో బాగా పనికొచ్చింది. ఈ రెంటికీ తేడా తెలియక తిరిగొచ్చిన కాగితాలు పట్టుకుని బాధపడేవాళ్లని రోజూ చూస్తున్నాను కాబట్టి కాస్త వివరంగానే రాస్తున్నాను.

కోనసీమలో ఒక మండల కేంద్రంలో తాసిల్దారు ఆఫీసు ఎదురుగా నాకు జిరాక్స్, డీటీపీ షాపు ఉంది. పొద్దున్న షట్టర్ ఎత్తిన దగ్గర్నుంచి అర్జీలు, అఫిడవిట్లు, ఆన్‌లైన్ దరఖాస్తులు. అందులో ఎక్కువ భాగం స్థలం తగువులే. గట్టు నరికేశారని ఒకరు, బోదె (పొలం కాలువ) పూడ్చేశారని ఒకరు, పుంత (ఊరి బండ్ల బాట) మూసేసి దారి లేకుండా చేశారని ఒకరు, హద్దు మీద కొబ్బరిచెట్టు కాయలు ఎవరు దింపుకోవాలని ఇంకొకరు. మా దగ్గర సెంటు స్థలం ధర ఏ స్థాయిలో ఉందో ఇక్కడివాళ్లకి చెప్పక్కర్లేదు. అందుకే అడుగు జరిగినా అన్నదమ్ములు కూడా మాటలు మానేస్తారు. వీళ్లలో చాలామంది ఈమధ్య "లోకాయుక్తకి కొట్టెయ్ అమ్మా, అక్కడైతే అందర్నీ పిలిపిస్తారంట" అంటున్నారు.

నేను స్వయంగా ఆ దారి పట్టింది మా అమ్మ కోసం.

అమ్మ ఉండేది పక్క ఊళ్లో. ఇంటి వెనక చిన్న కొబ్బరితోట, అందులో అంతరపంటగా కంద, అరటి. తోటకి తూర్పున పుంత. పుంత వారగా పాతకాలం నుంచి ఒక మురుగు కాలువ ఉంది. ఎగువ ఇళ్ల నీళ్లన్నీ అందులోంచి పోయి ఊరి చివర పెద్ద డ్రెయిన్లో కలుస్తాయి. దక్షిణం వైపు హద్దు మాకు దూరపు చుట్టం, అమ్మకి తమ్ముడి వరస, నేను మావయ్యా అనే పిలుస్తాను. ఆయన కొత్త ఇల్లు కట్టుకున్నారు. ప్రహరీ కట్టినప్పుడు రెండు పనులు జరిగాయి. తోట వైపు మట్టల దడి పీకేసి, పునాది రెండడుగులు మా వైపుకి తీశారు. పుంత వైపు కాలువని మట్టితో పూడ్చి, దాని మీదే గోడ లేపి, అడుగున ఒక సన్నటి పీవీసీ గొట్టం వదిలారు. నీళ్లు పోతాయిలే అక్కా అన్నారు.

కోనసీమ నేల ఎలాంటిదో మీకు తెలుసు. రెండు మూడడుగులు తవ్వితే నీరు తగులుతుంది. 2022 జూలైలో గోదావరికి అంత వరద వచ్చింది కదా, ఆ తర్వాత వానలకి గొట్టం నోటికి ఆకులు, కొబ్బరి పీచు అడ్డం పడి నీళ్లు వెనక్కి తన్నాయి. తోటలో మోకాలి లోతు. కంద మొత్తం కుళ్లిపోయింది. మరుగుదొడ్డి గుంత నిండిపోయి, అమ్మ అవసరానికి మా పిన్ని వాళ్లింటికి వెళ్లాల్సి వచ్చేది. ఆ వయసులో, వానలో, రాత్రిపూట. నాకు కోపం వచ్చింది రెండడుగుల స్థలం గురించి కాదు, దాని గురించే.

అమ్మ పంచాయతీకి అర్జీ ఇచ్చింది. గ్రామ సచివాలయంలో ఇచ్చింది. సోమవారం అర్జీల్లో కూడా వేయించాను. అన్నిచోట్లా వచ్చిన జవాబు ఒకటే. "ఇది మీ ఇద్దరి మధ్య గొడవండి, సివిల్ మేటర్, కోర్టుకెళ్లండి." ఆన్‌లైన్లో చూస్తే ఫిర్యాదు పరిష్కారమైనట్టు చూపించింది. కింద రిమార్కుల్లో సివిల్ తగాదా కాబట్టి అర్జీదారుని కోర్టుకి వెళ్లమని సూచించామని రాసి ఉంది. ఏ ఊరో, ఏ సెక్రటరీగారో చెప్పను. ఈ ఒక్క వాక్యంతో మూసేసిన అర్జీలు అన్ని మండలాల్లోనూ ఉన్నాయి, నేను టైపు చేసినవే బోలెడు.

సివిల్ మేటర్ అన్న మాట పూర్తిగా తప్పూ కాదు. దడి జరిపిన సంగతి నిజంగానే సివిల్ మేటర్. ఇద్దరు ప్రైవేటు మనుషుల మధ్య హద్దు ఎక్కడ అన్నది తేల్చే అధికారం పంచాయతీకి లేదు, తాసిల్దారుకి లేదు, కలెక్టరుకి లేదు, లోకాయుక్తకీ లేదు. అది సివిల్ కోర్టుదే. కానీ కాలువ సంగతి అలా కాదు. ఊళ్లో పబ్లిక్ రోడ్లు, పుంతలు, వాటి వారన ఉండే కాలువలు పంచాయతీకి దఖలు పడతాయని 1994 నాటి పంచాయతీరాజ్ చట్టం చెబుతోంది. 2011లో గ్రామ పంచాయతీ ఆస్తుల పరిరక్షణ నిబంధనలు కూడా వచ్చాయి. పంచాయతీ తన ఆస్తులకి రిజిస్టరు పెట్టుకోవాలి, ఆక్రమణలు గుర్తించాలి, నోటీసు ఇచ్చి తొలగించాలి. ఇది పంచాయతీ చేయాల్సిన డ్యూటీ. మా అమ్మకీ మావయ్యకీ పడకపోయినా, ఇద్దరూ కలిసి భోజనం చేస్తున్నా ఆ డ్యూటీ మారదు. ఒక అర్జీలో రెండు సంగతులూ కలిపి రాస్తే, ఆఫీసు వాళ్లకి దడి గొడవ కనిపిస్తుంది, దాని వెనక కాలువ కనిపించకుండా పోతుంది. చాలా అర్జీలు చచ్చిపోయేది ఇక్కడే.

అందుకని లోకాయుక్తకి వెళ్లేముందు కాగితాలు కూర్చుకున్నాం. ఇది అందరూ చేయదగ్గ పనే. సమాచార హక్కు కింద పంచాయతీలో దరఖాస్తు పెట్టాం. మన రాష్ట్రంలో గ్రామస్థాయి ఆఫీసుకి సమాచార హక్కు దరఖాస్తు పెడితే ఫీజు లేదు, మండల స్థాయికి 5 రూపాయలు, ఆ పైన 10 రూపాయలు. ముప్ఫై రోజుల్లో జవాబివ్వాలి. మేం అడిగినవి చాలా తక్కువ. ఫలానా సర్వే నంబరు పుంత పక్కన కాలువ మీద గోడ కట్టుకోడానికి ఎవరికైనా అనుమతి ఇచ్చారా? ఇస్తే కాపీ ఇవ్వండి. ఆక్రమణ మీద ఏదైనా నోటీసు ఇచ్చారా? ఇస్తే కాపీ ఇవ్వండి. పంచాయతీ ఆస్తుల రిజిస్టర్లో ఆ పుంత ఉన్న పేజీ కాపీ ఇవ్వండి. జవాబు వచ్చింది. అనుమతి ఇచ్చినట్టు రికార్డు లేదు, నోటీసు ఇచ్చినట్టూ రికార్డు లేదు. వాళ్ల సంతకం, వాళ్ల స్టాంపు. ఆ ఒక్క కాగితం మా ఫిర్యాదుకి ప్రాణం పోసింది.

దానికి తోడు ఎఫ్‌ఎంబీ (సర్వే నంబరు కొలతలుండే పటం) నకలు తీయించాం. పాత సెటిల్‌మెంటు రిజిస్టర్లో పుంత పోరంబోకు, అంటే ప్రభుత్వ స్థలం, అని ఉన్న పేజీ కూడా సంపాదించాం. ఇక్కడ ఒక సంగతి గుర్తుంచుకోండి. మీ తగువు గ్రామకంఠంలో (ఊళ్లో ఇళ్లుండే స్థలంలో) ఉంటే ఎఫ్‌ఎంబీతో పెద్దగా లాభం ఉండదు, ఎందుకంటే పాత రికార్డుల్లో గ్రామకంఠం అంతా ఒకే నంబరు కింద ఉంటుంది, ఏ ఇంటి హద్దు ఎక్కడో అందులో ఉండదు. ఇంటి పన్ను రసీదు పట్టుకుని "ఇదిగో నా హక్కు" అంటారు చాలామంది. పన్ను రసీదు మీరు పన్ను కట్టారని చెబుతుంది గానీ స్థలం మీదని చెప్పదు. అమ్మ విషయంలో పుంతకి సొంత సర్వే నంబరు ఉండటం కలిసొచ్చింది.

ఇక లోకాయుక్త గురించి. ఈ వ్యవస్థ 1983లో చేసిన రాష్ట్ర చట్టం ప్రకారం ఏర్పడింది, ఆ ఏడాది నవంబరు 1 నుంచి అమల్లో ఉంది. హైకోర్టు జడ్జి స్థాయి వ్యక్తి లోకాయుక్తగా ఉంటారు, పదవీకాలం ఐదేళ్లు. కింద ఉపలోకాయుక్త ఉంటారు. ఆఫీసు మొదట హైదరాబాదులో ఉండేది, 2021లో కర్నూలుకి మార్చారు. మేం ఫిర్యాదు పెట్టిన రోజుల్లో జస్టిస్ పి. లక్ష్మణరెడ్డిగారు లోకాయుక్తగా ఉన్నారు. మీరు పెట్టేముందు ఆ కుర్చీలో ఎవరైనా ఉన్నారో లేదో కనుక్కోండి, ఖాళీగా ఉన్నప్పుడు పెడితే ఫైలు కదలదు.

చట్టంలో మనకి కావాల్సిన ముక్క చిన్నదే. ప్రభుత్వ ఉద్యోగి తన పదవిని అడ్డం పెట్టుకుని తనకో ఇంకొకరికో మేలు చేసినా, ఎవరికైనా అన్యాయంగా నష్టం, కష్టం కలిగించినా ఫిర్యాదు చేయొచ్చు. దుర్బుద్ధితో, అవినీతితో పని చేసినా అంతే. మనం ఫిర్యాదు చేసే పని జరిగి ఆరేళ్లు దాటితే తీసుకోరు. ఫిర్యాదు ఎవరి మీద అన్నది ఇందులో చాలా ముఖ్యం. పక్కింటాయన ప్రభుత్వ ఉద్యోగి కాడు. ఆయన పేరు ప్రతివాదిగా రాస్తే ఫిర్యాదు మొదటి పేజీలోనే పోయినట్టు. మేం మావయ్య పేరుని ప్రతివాదుల్లో రాయనే లేదు. "కాలువ మీద నిర్మాణం ఉంది, దాని మీద చర్య తీసుకోవాల్సిన అధికారికి ఫలానా తేదీన, ఫలానా తేదీన లిఖితపూర్వకంగా చెప్పాం, చర్య తీసుకోలేదు, అందువల్ల ఒక వృద్ధురాలు పడుతున్న కష్టం ఇదీ" అని మాత్రమే రాశాం. దడి గురించి ఒక్క ముక్క లేదు. అమ్మకి అది నచ్చలేదు. "రెండడుగులూ వదిలేసుకోవాలా అయితే?" అంది. వదిలేసుకోవడం కాదమ్మా, దానికి వేరే తలుపు తట్టాలి అని చెప్పాల్సి వచ్చింది.

ఫిర్యాదుకి అఫిడవిట్ జత చేయాలి, నోటరీ చేయించాలి. అందులో ప్రమాణం చేసి రాస్తున్నాం కాబట్టి తెలియనిది తెలిసినట్టు, అనుమానం ఉన్నది రుజువైనట్టు రాయకండి. సెక్రటరీగారు డబ్బులు తిన్నారని రాయమని చాలామంది నన్ను ఒత్తిడి చేస్తారు. చూశారా అంటే లేదు, ఊరంతా అనుకుంటున్నారు అంటారు. నేను టైపు చేయను. మా అమ్మ ఫిర్యాదులోనూ లంచం అన్న మాట లేదు. పని చేయలేదన్న సంగతికి కాగితం ఉంది, అంతే రాశాం. ఆరోపణ ఎంత చిన్నదైతే రుజువు అంత గట్టిగా నిలబడుతుంది.

స్పీడ్ పోస్టులో పంపాం. ఇదొక పెద్ద సౌకర్యం, మొదటి రోజే కర్నూలు వెళ్లక్కర్లేదు. కొన్నాళ్లకి ఫిర్యాదు నంబరుతో ఉత్తరం వచ్చింది. జిల్లా స్థాయి పంచాయతీ అధికారిని విచారించి నివేదిక పంపమన్నారు. నివేదిక వచ్చాక దాని కాపీ మాకూ పంపి, మీ అభ్యంతరాలేమిటో చెప్పమన్నారు. అన్ని ఆఫీసుల్లో మన అర్జీ మీద ఏం రాశారో మనకి తెలిసేది మూసేశాకే. ఇక్కడ ముందే కాపీ ఇచ్చి మీరేమంటారని అడిగారు. నాకు అన్నిటికంటే నచ్చింది ఇదే.

మొదటి నివేదికలో మళ్లీ అదే పాట, ఇరుపక్షాల మధ్య హద్దు తగాదా అని. అభ్యంతరంలో మేం రెండే వాక్యాలు రాశాం. మేం హద్దు గురించి అడగలేదు, మా ఫిర్యాదులో హద్దు ప్రస్తావనే లేదు. ఫలానా సర్వే నంబరు పోరంబోకు కొలిచి, కాలువ వెడల్పు ఎంత ఉండాలో, ఎంత ఉందో చెప్పమనండి. దానికి సమాచార హక్కు జవాబు మరోసారి జత చేశాం. కొలిచి నివేదిక ఇవ్వమని మళ్లీ అడిగారు.

కొలిచిన రోజు నేను షాపు మూసి వెళ్లాను. మండల సర్వేయర్, గ్రామ సర్వేయర్, ఈఓపీఆర్డీ (మండలంలో పంచాయతీల పని చూసే అధికారి), సెక్రటరీ, వీఆర్‌ఓ అందరూ వచ్చారు. ఎప్పుడూ ఎవరూ తొంగిచూడని ఆ పుంతలో అంతమంది ఆఫీసర్లని చూసి ఊళ్లోవాళ్లు గుమిగూడారు. ముందు సర్వే రాయి వెతకాలి. పుంత మలుపులో ఉండాల్సిన రాయి కనిపించలేదు. గ్రామ సర్వేయర్ చిన్న కుర్రాడు, ప్యాంటు మడిచి బురదలోకి దిగి గునపంతో పొడుస్తూ వెతికాడు. తాటిచెట్టు మొదట్లో, మట్టి కింద ఠంగుమని శబ్దం వచ్చింది. కడిగితే బాణం గుర్తు కనిపించింది. అక్కణ్నుంచి టేపు పట్టుకుని ఎఫ్‌ఎంబీలో కొలతల ప్రకారం గోడ దాకా వచ్చారు. గోడ పునాది కాలువ వెడల్పులో దాదాపు అంతా తినేసింది. సర్వేయర్ గోడ మీద సుద్దతో గీత గీశాడు. మావయ్య ఆ గీత వైపు చూసి, తర్వాత అమ్మ వైపు తిరిగి, "కర్నూలు దాకా ఎక్కించావా అక్కా నన్ను" అన్నారు. అమ్మ వెంటనే, "నిన్నెక్కడ ఎక్కించానురా, నీ పేరే లేదు అందులో" అంది. ఈఓపీఆర్డీగారు కూడా అవునండీ, మీ మీద ఫిర్యాదు లేదు, మా మీదే ఉంది అన్నారు. ఆ మాటతో అక్కడ గాలి మారిపోయింది. చుట్టాల మధ్య పగ పెరగకుండా ఉండాలంటే ఫిర్యాదు ఇలా రాయడమే మంచిదని నాకు ఆరోజు గట్టిగా అనిపించింది.

తర్వాత పంచాయతీ నోటీసు ఇచ్చింది. కాలువ మీద ఉన్న గోడ ముక్క తీసేశారు. మళ్లీ తవ్వించి, మావయ్య గేటుకి దారి కోసం పెద్ద తూములు వేశారు. ఆ పని చేసి నివేదిక పంపితే లోకాయుక్త ఫిర్యాదు ముగించారు. హద్దుకి సంబంధించిన వివాదం ఏదైనా ఉంటే సివిల్ కోర్టులో తేల్చుకోవాలని కూడా ఉత్తర్వులో రాశారు. ఇప్పుడు వానాకాలంలో తోటలో నీళ్లు నిలవడం లేదు. కంద మళ్లీ వేశాం.

ఇప్పుడు లోపాలు. లోకాయుక్త ఆదేశించరు, సిఫారసు చేస్తారు. నివేదిక సంబంధిత అధికారికి పంపితే వాళ్లు చర్య తీసుకుని ఏం చేశారో తెలియజేయాలి. మా కేసులో విచారణ ఒత్తిడికే పంచాయతీ కదిలింది కాబట్టి సరిపోయింది. మొండికేసే ఆఫీసైతే ఏమవుతుందన్నది వేరే కథ. 2023 డిసెంబరులో సుప్రీంకోర్టు కేరళ నుంచి వచ్చిన ఒక భూమి రికార్డుల కేసులో ఇదే చెప్పింది. అక్కడి ఉపలోకాయుక్త రెవెన్యూ రికార్డులు సరిచేయమని నేరుగా ఉత్తర్వు ఇస్తే, అలా ఆదేశించే అధికారం లేదు, నివేదిక, సిఫారసు వరకే అని కొట్టేసింది. రీసర్వేలో విస్తీర్ణం తగ్గిందని, పేరు తప్పు పడిందని లోకాయుక్తకి రాయమని నా దగ్గరికి వచ్చేవాళ్లకి నేను చెప్పేది ఈ తీర్పు గురించే. రికార్డు సరిచేసే అధికారం రెవెన్యూ వాళ్లదే, అక్కడ అప్పీలు వేయాలి. సరిచేయడానికి డబ్బు అడిగితే, కావాలని ఫైలు తొక్కిపెడితే అప్పుడు లోకాయుక్త.

రెండోది దూరం. మా అమలాపురానికి రైలే లేదు. ఇక్కణ్నుంచి కర్నూలు అంటే రాష్ట్రానికి ఆ కొసకి పోవడమే. పోస్టు సౌకర్యం ఉన్నా, విచారణకి రమ్మంటే పెద్దవాళ్లకి చాలా కష్టం. డెల్టా జిల్లాల వాళ్ల కోసం విచారణలు అప్పుడప్పుడు కాకినాడలోనో రాజమండ్రిలోనో పెడితే ఎంత మేలో. మూడోది, పంచాయతీల కోసం ప్రత్యేకంగా ఎవరూ లేకపోవడం. కేరళలో 2000 నుంచి స్థానిక సంస్థల మీద ఫిర్యాదులు వినడానికే వేరేగా అంబుడ్స్‌మన్ ఉన్నారు. మన రాష్ట్రంలో 13 వేలకి పైగా పంచాయతీలు ఉన్నాయి. మంత్రుల మీద ఫిర్యాదులూ, మా ఊరి మురుగు కాలువ ఫిర్యాదూ ఒకే ఆఫీసుకి వెళ్తున్నాయి. మనకీ అలాంటిది ఉండాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను.

ఎవరికి ఇది పనికిరాదో చెప్పడానికి నా షాపులో చూసిన ఒకటి రెండు చెబుతాను. అన్నదమ్ముల పంపకాల్లో ఇంటి వెనక దారి రాయలేదని ఒకాయన లోకాయుక్తకి పెట్టించుకున్నారు, వద్దన్నా వినలేదు. తిరిగొచ్చింది. అందులో ఉద్యోగి ఎవరూ లేరు కదా. ఇంకొకాయన వరి పొలం పక్కన రొయ్యల చెరువు తవ్వారు. ఉప్పునీటి ఊట వచ్చి దాళ్వా (రెండో) పంట పోయింది. పంట నష్టం ఇప్పించమంటే అది చెరువు యజమాని మీద కోర్టులో అడగాలి. కానీ ఆ చెరువుకి అనుమతి ఉందా, లేకపోతే ఎందుకు ఊరుకున్నారు అన్నది అధికారుల మీద ప్రశ్న. ఆయనకి రెండు కాగితాలు వేరుగా టైపు చేసిచ్చాను. దారి మీదో కాలువ మీదో అడ్డం వెంటనే తీయించాలంటే లోకాయుక్త కంటే ఆర్డీఓగారి దగ్గరికి వెళ్లడమే దగ్గర దారి. బహిరంగ దారికో కాలువకో అడ్డం వస్తే తొలగించమనే అధికారం కొత్త క్రిమినల్ చట్టం బీఎన్‌ఎస్‌ఎస్ 152వ సెక్షన్‌లో ఉంది. పాత సీఆర్‌పీసీలో అది 133.

దడి సంగతి అడుగుతారని తెలుసు. దానికోసం కోర్టు ఆవరణలో ఉన్న మండల న్యాయ సేవాధికార సంఘానికి వెళ్లాం. ఆడవాళ్లకి ఆదాయంతో సంబంధం లేకుండా వకీలుని ఉచితంగా ఇస్తారు, 1987 నాటి చట్టంలోనే ఉంది. ఈ సంగతి తెలియక అప్పులు చేసి వకీలు ఫీజులు కట్టే ఆడవాళ్లు ఎందరో. 15100 నంబరుకి ఫోన్ చేసినా చెబుతారు. ముందు లోక్ అదాలత్‌లో రాజీకి పిలిచారు. అక్కడ కోర్టు ఫీజు లేదు, రాజీ కుదిరితే అదే డిక్రీ, అప్పీలు కూడా ఉండదు. మావయ్య వచ్చారు, మర్యాదగానే మాట్లాడారు గానీ పునాది తీయనన్నారు. దాంతో దావా వేశాం. పన్నెండేళ్లు ఊరుకుంటే మన స్థలం మీద మనకే హక్కు పోయే ప్రమాదం ఉంది కాబట్టి, చుట్టరికం చెడుతుందని సాగదీయడం మంచిది కాదని వకీలుగారు చెప్పారు.

రేటింగ్ ఇవ్వమంటే లోకాయుక్తకి ఐదుకి నాలుగు ఇస్తాను, పంచాయతీ పని చేయలేదన్న ఫిర్యాదుకైతే. పక్కింటివాళ్లతో హద్దు తగువుకైతే రేటింగే లేదు, అది వాళ్ల పని కాదు. ఖర్చు పెద్దగా లేదు, పోస్టు, నోటరీ, జిరాక్సులు. ఓపిక మాత్రం చాలా కావాలి. వయసైనవాళ్లకి పక్కన ఒకరుండి ఉత్తరాలకి జవాబులు రాసిపెట్టాలి. గడువు దాటకుండా అభ్యంతరాలు పంపాలి. ఏ ఉత్తరం మీదైనా ఫిర్యాదు నంబరు, సంవత్సరం తప్పకుండా రాయండి.

లోకాయుక్త ఉత్తర్వు వచ్చాక దాన్ని బీరువాలో పడేయకండి, సర్టిఫైడ్ కాపీ ఒకటి తెప్పించుకోండి. మా దావాలో వకీలుగారు ఆ కొలతల నివేదికని కూడా దాఖలు చేశారు. సర్వే రాయి ఎక్కడ దొరికింది, అక్కణ్నుంచి గోడ ఎంత దూరం అన్నవి అందులో అధికారుల సంతకాలతో ఉన్నాయి. దాన్ని పట్టుకునే అడ్వకేట్ కమిషనర్, అంటే చూసి రమ్మని కోర్టు పంపిన వకీలు, తోట వైపు కూడా కొలిచారు. కమిషనర్ రిపోర్టు మీద అభ్యంతరాలకి వాయిదా వేశారు, కేసు ఇంకా నడుస్తోంది.